మెడ మీద చెయ్యి

"ఇది నాకు మా అమ్మే నేర్పింది" అని తమాకి టీవీలో చెప్పిన మర్నాడు నేను బజారుకి వెళ్ళకుండా ఉండాల్సింది. బుద్ధి లేక వెళ్ళాను. చేపల కొట్టు దగ్గర నలుగురు ఆడవాళ్ళు చుట్టూ మూగారు. "అదృష్టమంటే నీదే చిజురూ! దేశంలో అంతమంది నటులుంటే ఆ బహుమతి నీ కూతురికొచ్చింది" అని ఒకావిడ. "ఏదీ ఆ చెయ్యి, ఓసారి ముట్టుకోనీ" అని ఇంకొకావిడ. నేను కుడిచెయ్యి జేబులోకి కుక్కుకుని, అలవాటైన నవ్వొకటి నవ్వి, అందరికీ వంగి వంగి దండాలు పెట్టి, కొనాల్సిన ఉల్లికాడలు కొనకుండానే ఇంటికొచ్చి పడ్డాను.

ఆ సినిమా మీరూ చూసే ఉంటారు. చూడకపోయినా ఆ ఒక్క సీను గురించి వినే ఉంటారు. ఒక తల్లి ఏడేళ్ళ కూతుర్ని వెంటబెట్టుకుని యజమాని ఇంటికెళుతుంది. చాప మీద మోకాళ్ళూని, పిల్ల మెడ మీద చెయ్యేసి తల వంచి, క్షమించమంటుంది. అంతే, మాటలు కూడా పెద్దగా లేవు. ఆ చెయ్యి గురించి పత్రికలు పేజీలకి పేజీలు రాశాయి. ఇరవై నాలుగేళ్ళ పిల్ల, పెళ్ళి లేదు, బిడ్డ లేదు, ఆ చెయ్యి ఎక్కణ్ణుంచి తెచ్చుకుందని అందరూ ఆశ్చర్యపోయారు.

ఎక్కణ్ణుంచి తెచ్చుకుందో నాకు తెలుసు. అందుకే ఎవరా మాటెత్తినా నాకు తల కొట్టేసినట్టుంటుంది. ఆ చలికాలం సంగతి ఇన్నేళ్ళూ ఎవరి దగ్గరా నోరు విప్పి చెప్పలేదు. ఇవాళ చెప్పేస్తాను.

మా దీవిలో ఆడవాళ్ళకి చలికాలమంటే ఆలుచిప్పల కాలం. సముద్రంలో తెప్పల కింద తీగలకి పెంచిన చిప్పల్ని మా యజమానులు మొరివాకి వాళ్ళ షెడ్డులో గుట్టలుగా పోస్తారు. మేం వరసగా పీటల మీద కూచుని, చిన్న కత్తి మొన సందులో దూర్చి, మూత విప్పి, లోపలి కండ చిరక్కుండా గీకి బకెట్లో వేస్తాం. రోజుకి వెయ్యి చిప్పలు ఒలిస్తే అది మామూలు రోజు. రబ్బరు తొడుగులు వేసుకున్నా చలి వేళ్ళ ఎముకల్లోకి దిగుతుంది. చేతులకి పనుంది కాబట్టి నోళ్ళకీ పని పెట్టుకునేవాళ్ళం. దీవిలో ఎవరి కాపురం ఎలా ఉందో ముందు మా షెడ్డుకి తెలిసేది, తర్వాతే ఆ కాపురం చేసేవాళ్ళకి తెలిసేది.

ఆ జనవరిలో కబురు మోసుకొచ్చింది నా పక్క పీట నొబుకో.

"విన్నావా చిజురూ? సినిమావాళ్ళు మన దీవికొస్తున్నారట. నెలన్నర ఉంటారట. ఆలుచిప్పలు ఒలుచుకుని బతికే ఆవిడ కథట. ఆ వేషం ఎవరేస్తున్నారో చెప్పుకో చూద్దాం."

"ఎవరేస్తే నాకేం, నా బకెట్టు నిండుతుందా?"

"నిండుతుందేమో! వేసేది నీ కూతురే."

కత్తి జారి తొడుగు చీరుకుపోయింది. తమాకి నాకు చెప్పలేదు. ఆ రాత్రికి ఫోను చేసి చెబుదామనుకుందట, నొబుకో నోరు ఫోను కంటే ముందొచ్చేసింది.

"కూరపొడి ప్రకటనలో గరిటె పట్టుకుని గెంతుతుందే, ఆ పిల్లేనా?" అంది ఎదురు పీట మీంచి కియొ బామ్మ. అప్పటికి ఆవిడకి డెబ్బై తొమ్మిదేళ్ళు, షెడ్డులో అందరికంటే పెద్ద. "గెంతడం బానే గెంతింది. ఏడవడం వచ్చా మరి? సినిమా అంటే ఏడవాలి కదే."

"దానికేం బామ్మా, ఒక్క పూట మన షెడ్డులో కూచోబెడితే ఏడుపు అదే వస్తుంది" అంది నొబుకో. అందరూ పడీ పడీ నవ్వారు.

నేనూ నవ్వాను. లోపల మాత్రం పొంగిపోతున్నాను. పద్దెనిమిదో ఏట టోక్యో వెళ్ళి నాటకాల బృందంలో చేరింది తమాకి. మూడేళ్ళు పెద్ద నటుల సాక్సులు ఉతికింది, తెర వెనక వాన చప్పుడు చేసింది. మొదటిసారి స్టేజి మీద దానికిచ్చిన మాట "టీ తెచ్చానండీ" అన్నదొక్కటే. ఆ ఒక్క మాటనీ నలభై రకాలుగా అని చూసుకున్నానని ఫోనులో చెప్పినప్పుడు, పిచ్చిపిల్ల అనుకున్నాను. ఆ పిచ్చిపిల్లకి ఇప్పుడు సినిమా అంతా ఇచ్చారు.

"ఇంకో సంగతి. షూటింగు చాలావరకు మొరివాకి అమ్మగారి ఇంట్లోనేనట. లోపలి చాపల గది డైరెక్టరుకి తెగ నచ్చేసిందట" అంది నొబుకో.

నా నవ్వు అక్కడితో ఆగిపోయింది. ఆ చాపల గది నాకు తెలుసు. తమాకికీ తెలుసు.

షూటింగుకి మూడు వారాల ముందే తమాకి వచ్చేసింది. సత్రంలో గది ఇస్తామన్నా వద్దని మన ఇంట్లోనే ఉంటానంది. మర్నాడు పొద్దున్న ఆరింటికి నాతోపాటు షెడ్డుకి బయల్దేరింది, తలకి గుడ్డ కట్టుకుని, నా పాత బూట్లు వేసుకుని.

మొదటి రోజు అరవై చిప్పలు ఒలిచింది. వాటిలో సగం చీరి చీలికలు చేసింది. "అయ్యో, ఇవి ఆలుచిప్పలా, ఎలుకలు కొట్టిన గుడ్డపేలికలా?" అని నొబుకో బకెట్లోంచి ఒకటి తీసి అందరికీ చూపించింది. తమాకి ఉక్రోషపడలేదు. "నొబుకో పిన్నీ, నువ్వు కత్తి దూర్చే ముందు మణికట్టు ఓసారి కిందికి దించుతావు. ఎందుకు?" అని అడిగింది. నొబుకో నోరు తెరిచింది. ముప్పై ఏళ్ళుగా ఆ పని చేస్తున్నా అలా దించుతున్నానని దానికే తెలియదు.

అలా చూసేది అది. మాటలు వినేది కాదు, చేతులూ మెడలూ చూసేది. రెండో వారానికి రోజుకి ఐదు వందలు ఒలుస్తోంది. ఒకరోజు టీ వేళకి అందరం బొగ్గుల కుంపటి చుట్టూ కూచుంటే లేచి నిలబడి, "బామ్మా, కోప్పడకు" అని, షెడ్డు ఆ చివర నుంచి ఈ చివరకి నడిచింది. ఒక్క మాట లేదు. నడుం మీద ఎడమ చెయ్యి, కుడి మోకాలు కాస్త బయటికి, మధ్యలో ఆగి బకెట్లోకి తొంగిచూసి మూతి విరవడం. కియొ బామ్మ దిగొచ్చి నడుస్తున్నట్టే ఉంది! నొబుకో టీ కక్కేసింది. బామ్మ మాత్రం నవ్వలేదు. కాసేపు చూసి, "నా మోకాలు అంత వంకర పోయిందా?" అంది మెల్లిగా.

తమాకి గబగబా వెళ్ళి ఆవిడ ముందు చతికిలబడి, "తప్పయింది బామ్మా" అని చేతులు పట్టుకుంది.

"తప్పెందుకే. ఇన్నేళ్ళకి నన్ను నేను చూసుకున్నాను. అంతే" అంది బామ్మ.

అప్పుడే నాకు భయం వేసింది. ఇది అందర్నీ ఇలా చూస్తోందంటే నన్నెప్పట్నుంచి చూస్తోందో అనుకున్నాను.

ఆ ఆదివారం సాయంత్రం, దుప్పటి కప్పిన వేడిబల్ల కింద కాళ్ళు పెట్టుకుని ఇద్దరం కమలాపళ్ళు ఒలుచుకుంటున్నాం. తమాకి చేతిలో కాయితాలు పక్కన పడేసి, "అమ్మా, నాకో సీను కుదరట్లేదు" అంది.

"నీకు కుదరకపోవడమేంటే, బామ్మనే దింపేశావు."

"బామ్మ నా కళ్ళెదురుగా ఉంది. ఇది లేదు." ఆ సీను చెప్పింది. పిల్ల యజమాని ఇంట్లో బొమ్మ దొంగిలించిందంటారు. తల్లి తీసుకెళ్ళి తల వంచిస్తుంది. "రిహార్సల్లో పద్నాలుగు సార్లు చేశాను. డైరెక్టరుగారు ఏమన్నారో తెలుసా? క్షమాపణ బాగానే చెబుతున్నావు, చెప్పే మనిషే కనపడట్లేదు అన్నారు. ఇంకో వారంలో కుదరకపోతే ఆ సీను తీసేస్తారట. అది తీసేస్తే ఇంక నేనెందుకు? ఒట్టి ఆలుచిప్పలు చూపించుకోవచ్చు."

నేను కమలా తొన మీది పీచు తీస్తూ కూచున్నాను.

"ఈ వేషం నాకెందుకిచ్చారో తెలుసా అమ్మా? ఎంపికకి అరవై మంది వచ్చారు. అందరికీ ఇదే సీను ఇచ్చారు. ఆ బొమ్మని పిల్ల నిజంగా తీసిందా అని అడిగింది నేనొక్కదాన్నే. అది నువ్వే తేల్చుకో అన్నారాయన. ఇప్పటిదాకా తేలలేదు." నా వైపు చూడకుండా మళ్ళీ అంది. "నన్ను మొరివాకి వాళ్ళింటికి తీసుకెళ్ళావు కదా, దువ్వెన పోయినప్పుడు. ఆ రోజు ఎలా చేశావో ఓసారి చేసి చూపించవా?"

"ఎప్పటి మాటే అది! నాకేం గుర్తు లేదు."

"నాకు తొమ్మిదేళ్ళు. నువ్వు బూడిదరంగు కిమోనో కట్టుకున్నావు. దారిలో మిఠాయి పెట్టె కొన్నావు. నా మెడ మీద చెయ్యేశావు. ఎలా వేశావో నాకు కనపడలేదు, నేను చాపనే చూస్తున్నాను. అందుకే అడుగుతున్నా." ఈసారి తలెత్తి చూసింది. "అమ్మా, అప్పుడు నేను నిజంగా తీశాననే అనుకున్నావా?"

"గుర్తు లేదన్నానా! తిని పడుకో, పొద్దున్నే లేవాలి" అని తొక్కలన్నీ పోగేసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయాను.

గుర్తు లేకపోవడమా! ఆ చాప అంచున గుడ్డ మీద ఏ రంగు పువ్వులున్నాయో కూడా చెబుతాను.

తమాకి నాన్న ఓడ పనికని వెళ్ళి ఇంకో రేవులో ఇంకో సంసారం పెట్టుకున్న ఏడు అది. షెడ్డులో నాకా పీట లేకపోతే మేమిద్దరం ఏమైపోయేవాళ్ళమో తెలియదు. మొరివాకి అమ్మగారి కూతురూ తమాకీ ఒకే తరగతి. ఇద్దరూ వాళ్ళింట్లో ఆడుకున్న మర్నాడు అమ్మగారి తాబేటి చిప్ప దువ్వెన కనపడలేదు. బంగారు పూతతో రెండు కొంగలున్న దువ్వెన, పుట్టింటి నుంచి తెచ్చుకున్నది. ఆవిడ నన్ను షెడ్డు బయటికి పిలిచి, "నేను ఎవర్నీ అనడం లేదమ్మా, పిల్లలు కదా, ఓసారి ఇంట్లో చూడు" అని మెత్తగా అంది. మా దగ్గర అంత మెత్తగా అన్నారంటే ఇంక తేలిపోయినట్టే.

నేను ఇంట్లో చూడలేదు. తమాకిని అడగనూ లేదు. సిగ్గుమాలిన నిజం అది. అడిగితే లేదంటుందేమో, లేదంటే నేనేం చెయ్యాలో తెలియదు. అందుకని అడగలేదు. మంచి కిమోనో కట్టుకుని, చిక్కుడు గింజల ముద్ద పెట్టిన మిఠాయి పెట్టె కొని, దాని చెయ్యి పట్టుకుని బయల్దేరాను. గుమ్మం ముందు "అమ్మా, నేను తియ్యలేదు" అంది. "తీస్తేనేం తియ్యకపోతేనేం, ఒంగు. ఒంగితే అయిపోతుంది" అన్నాను.

చాపల గదిలో మోకాళ్ళూనాం. నేను ఒంగాను, అది ఒంగలేదు. మెడ మీద చెయ్యేసి నొక్కాను. అమ్మగారు టీ తాగుతోంది. ఇలాంటప్పుడు అవతలివాళ్ళు "తల ఎత్తండి" అనాలి. అనేదాకా ఎత్తకూడదు. ఆవిడ కప్పు ఖాళీ అయ్యేదాకా అనలేదు. నా అరచేతి కింద ఆ చిన్న మెడ ఒణకడం కూడా లేదు, కర్రలా బిగుసుకుపోయి ఉంది.

రెండేళ్ళకి అమ్మగారి అత్తగారు పోయారు. ఆవిడ కుట్టుపని పెట్టె విప్పితే అడుగున, దారపుండల కింద, ఆ దువ్వెన ఉంది. చివరి రోజుల్లో ముసలావిడకి మతి స్థిమితం లేదు, దొరికినవన్నీ దాచుకునేది. అమ్మగారు ఒక్కతే మా ఇంటికొచ్చింది. రిబ్బను కట్టిన చెక్కపెట్టెలో ఖర్బూజా పెట్టుకుని మరీ. "పోయినావిడ పేరు పాడవుతుంది. మనిద్దరి మధ్యే ఉండనీ, పిల్లకి చెప్పకు" అంది. ఏమన్నానో చెప్పనా? "అలాగేనండీ, మీకెందుకండీ ఇంత శ్రమ" అని మళ్ళీ నేనే ఒంగాను. ఆ సాయంత్రం తమాకి ఖర్బూజాని చెక్కు అడుగు కనపడేదాకా గీక్కుని తింది. "ఎవరిచ్చారమ్మా? ఎందుకిచ్చారు?" అంటే "ఊరికే" అన్నాను.

చెబుదాం చెబుదాం అనుకుంటూనే ఉన్నాను. పన్నెండేళ్ళప్పుడు చెప్పనిది పదిహేనేళ్ళప్పుడు ఏ ముఖం పెట్టుకుని చెబుతాం? ఏటికేడూ ఆ మాట బరువెక్కిపోయింది.

ఆ సీను తీసే రోజు ఫిబ్రవరి నెలాఖరు. షెడ్డు ఆడవాళ్ళందరం సినిమావాళ్ళకి ఆలుచిప్పల చారు కాచిపెట్టాలని మొరివాకి వాళ్ళ వంటింట్లో చేరాం. చాపల గది తలుపు ఓరగా తీసి నొబుకో చూసొచ్చి కబుర్లు చెబుతోంది. "పిల్ల వేషం వేసేది భలే ముద్దుగా ఉంది. నీ కూతురికే కుదరట్లేదు చిజురూ. తొమ్మిదోసారి." ఇంకాసేపటికి, "పదకొండు." మూడోసారి వచ్చినప్పుడు అంకె చెప్పలేదు. "డైరెక్టరు కుర్చీలోంచి లేచిపోయాడే. అరగంట ఆగమన్నాడు. ఇంకొక్కసారి చూసి, లేదంటే ఆ సీనే వద్దన్నాడు" అని గొంతు తగ్గించి చెప్పింది. ఎంత దురుసు నోరైనా, ఆ క్షణాన దాని ముఖంలో ఎగతాళి లేదు.

తమాకి వంటింట్లోకి వచ్చింది. బూడిదరంగు కిమోనోలో ఉంది. బట్టలవాళ్ళు ఇచ్చింది మరి, రంగు తనే అడిగిందట. మిగతావాళ్ళు చారు గిన్నెలు పట్టుకుని మెల్లిగా బయటికి జారుకున్నారు. అది వచ్చి పొయ్యి పక్కన నేల మీద మోకాళ్ళూని, నా వైపు వీపు పెట్టి, జుట్టు పక్కకి తప్పించి మెడ వంచింది.

"పెట్టమ్మా" అంది.

"ఒసేయ్, చేతులు తడిగా ఉన్నాయి."

"ఉండనీ."

పెట్టాను. గుర్తు లేదన్న మనిషిని కదా, ఎక్కడ పెట్టాలో తెలియనట్టు కాస్త తచ్చాడదామనుకున్నాను. చెయ్యి నా మాట వినలేదు. నేరుగా వెళ్ళి కూచుంది. అరచెయ్యి మెడ వెనక, బొటనవేలు కుడి చెవి కింద ఎముక మీద. నొక్కాను. పదిహేనేళ్ళ కిందట ఎంత నొక్కానో అంతే.

"ఆ, బొటనవేలు" అంది తమాకి. పోయిన వస్తువు దొరికినట్టు అంది. తల ఎత్తకుండానే, "తీశాననే అనుకున్నావా అమ్మా?" అంది.

"అనుకోలేదు. తియ్యలేదనీ అనుకోలేదు. నీ గురించి ఏమీ అనుకోలేదే. ఒంగితే అయిపోతుందనుకున్నాను. నీ వైపు చూడను కూడా లేదు."

నా చేతి కింద అది ఊపిరి పీల్చి వదలడం తెలిసింది. ఇంక మిగిలిన మాట కూడా అనేద్దామని నోరు తెరిచాను. దువ్వెన దొరికిందే అందామని. అప్పుడే తలుపు జరిగింది.

"చారు అయిందా చిజురూ?" అని మొరివాకి అమ్మగారు. షూటింగు కదా, కెమెరా ఎక్కడ తన వైపు తిరుగుతుందోనని పట్టు కిమోనో కట్టి, జుట్టు పైకి ముడిచి ముస్తాబైంది. ఆ ముడిలో, రెండు కొంగల దువ్వెన.

ఆవిడ కావాలని పెట్టుకోలేదు. మర్చిపోయింది. మమ్మల్నిద్దర్నీ చాప మీద ఒంచిన సంగతి ఆవిడకి మర్చిపోయేంత చిన్నది. తమాకి లేచి, ఆవిడకి నడుం వరకూ వంగి దండం పెట్టి, పక్కనుంచి వెళ్ళిపోయింది. చూసిందో లేదో నాకు తెలియలేదు. నేను ఆ మాట మింగేసి, "అయిందండీ" అన్నాను.

పన్నెండోసారి తీస్తున్నప్పుడు నేను కెమెరా వెనక నిలబడ్డాను. నా పక్కనే అమ్మగారు. తమాకి పిల్లతో పాటు గదిలోకొచ్చి మోకాళ్ళూనింది. మిఠాయి పెట్టె ముందుకి జరిపింది. ఒంగబోయే ముందు ఒక్కసారి కెమెరా పక్కకి, మేమున్న వైపు చూసింది. కాయితంలో ఆ చూపు లేదట. తర్వాత పత్రికలవాళ్ళు ఆ చూపుకి ఎన్నెన్నో అర్థాలు రాశారు. ఆ తర్వాత చెయ్యి లేచి పిల్ల మెడ మీదికి వెళ్ళింది. బొటనవేలు చెవి కింద కూచుంది. నొక్కింది. పిల్ల వైపు చూడలేదు. యజమానురాలి వేషం వేసినావిడ మోకాళ్ళ వైపు చూస్తూ, పెదాల చివర చిన్న నవ్వు నవ్వుతోంది. తప్పు క్షమించమని వెళ్ళినవాళ్ళు నవ్వే నవ్వు అది. మా పిల్ల పొరపాటేనండీ, మాకేం కోపం లేదండీ, మీరూ ఏమీ అనుకోకండీ అన్నట్టు. ఆ నవ్వు నాది. ఆ నవ్వు నవ్వుతూనే పిల్ల మెడని చాపకి అదిమేస్తున్నాను.

చిన్నపిల్ల నిజంగానే ఏడ్చేసింది. డైరెక్టరు ఆపమని వెంటనే అనలేదు. అన్నాక కూడా గదిలో ఎవరూ కదల్లేదు. నొబుకో ముక్కు చీదుకుంది. కియొ బామ్మ నా భుజం పట్టుకుని, "ఇంటికి పోదాం పదవే" అంది. ఆవిడకి తెలిసిపోయిందేమోనని నాకిప్పటికీ అనుమానమే.

అమ్మగారు కళ్ళొత్తుకుంటూ, "ఎంత వినయంగా చేసిందమ్మా! అచ్చం నువ్వే" అంది నాతో. నేను దానికీ ఒంగి థాంక్స్ చెప్పాను. చెప్పి ఆవిడ పెరట్లో నూతి వెనక్కి వెళ్ళి నిలబడ్డాను. సిగ్గుతో చచ్చిపోవడమంటే మాటవరసకి అంటారనుకునేదాన్ని.

మార్చిలో షూటింగు అయిపోయింది. మిగతావాళ్ళంతా వెళ్ళాక తమాకి ఇంకో రోజు ఉండిపోయింది. ఆ సీను తీశాక ఇరవై రోజుల్లో దువ్వెన మాట అదీ ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. పొద్దున్న పది గంటల లాంచీకి టోక్యో ప్రయాణం. ఏడింటికే నేను ఊళ్ళోకి వెళ్ళి ఆ పాత కొట్లోనే, ఆ మిఠాయే, పెట్టె కొన్నాను. "ఎవరింటికమ్మా?" అని కాయితం చుడుతూ కొట్టాయన అడిగాడు. "మా ఇంటికే" అంటే నవ్వాడు.

ఇంటికొచ్చేసరికి తమాకి సంచీ సర్దుకుంటోంది. నేను లోపలికెళ్ళి బీరువా అడుగు నుంచి బూడిదరంగు కిమోనో తీసి కట్టుకున్నాను. దానెదురుగా చాప మీద మోకాళ్ళూని, పెట్టె రెండు చేతులతో దాని ముందుకి జరిపి, అరచేతులు ఆనించి, నుదురు నేలకి తాకించాను.

"ఏంటమ్మా ఇది" అంది.

"దువ్వెన దొరికిందే. నీకు పదకొండేళ్ళప్పుడే దొరికింది. వాళ్ళ ముసలావిడ దాచుకుంది. ఖర్బూజా తెచ్చిచ్చి చెప్పొద్దన్నారు. నేను చెప్పలేదు. ఆవిడ చెప్పొద్దన్నందుకు కాదు. నీ ముందు ఇలా ఒంగాల్సొస్తుందని చెప్పలేదు."

తర్వాత కాయితం చింపిన చప్పుడైంది. ఇచ్చినవాళ్ళ ఎదుట పెట్టె విప్పడం మాలో లేదు. అది విప్పింది. ఒకటి తీసుకుని నింపాదిగా తింది.

"చూశానమ్మా" అంది చివరికి. "షూటింగు రోజు వంటింట్లో. అమ్మగారి జుట్టులో."

"మరి అడగలేదేమే?"

"నువ్వు చెబుతావేమోనని చూశాను. ఇరవై రోజులు చూశాను."

చాపని కరుచుకుని అలాగే ఉండిపోయాను. కన్నీళ్ళు ముక్కు మీంచి కారి చాపలో ఇంకుతున్నాయి. అప్పుడు నా మెడ మీద చెయ్యి పడింది. వెచ్చగా, మిఠాయి పిండి అంటుకుని కాస్త గరుకుగా. అరచెయ్యి మెడ వెనక, బొటనవేలు కుడి చెవి కింద. నొక్కుతుందని కాచుకున్నాను. నొక్కాలనే కోరుకున్నాను. నొక్కలేదు. ఊరికే పెట్టి ఉంచింది.

రేవులో లాంచీ కూత పెట్టింది. చెయ్యి తీసి, "వెళ్ళాలమ్మా, లాంచీ వచ్చేసింది" అంది. మిఠాయి పెట్టె మళ్ళీ కాయితంలో చుట్టి తన సంచీలో పెట్టుకుంది. రేవు దాకా ఇద్దరం మామూలుగా మాట్లాడుకుంటూనే వెళ్ళాం. చలి తగ్గిందనీ, ఈ ఏడు చిప్పలు లావుగా ఉన్నాయనీ.

ఆ తర్వాత సినిమా వచ్చింది, బహుమతి వచ్చింది, తమాకి పేరు దేశమంతా తెలిసింది. వారానికోసారి ఫోను చేస్తుంది. శీతాకాలం ముదిరితే చేతులకి రాసుకోమని నూనె పంపిస్తుంది. నామీద దానికి కోపం ఉందని ఎవరూ అనలేరు. కానీ "తల ఎత్తమ్మా" అన్న మాట ఆ రోజు అనలేదు. ఇప్పటిదాకా అనలేదు. నేనూ అడగలేదు.